పూత మందు చాలదు

"ఏమే, నీ కుర్చీలో తేళ్లున్నాయా? ఇందాకేగా లేచావు!"

సూపర్‌వైజరు అరుపుకి కుట్టుమిషన్ల వరుసంతా తలెత్తింది. కాలర్లు కుట్టే పిల్ల లేచిన చోటే నిలబడిపోయింది. ఇస్త్రీ బల్లల దగ్గర మగవాళ్లు కిసుక్కుమన్నారు. పక్క మిషన్ మీద చొక్కా చేతులు కుడుతున్న ఆ పిల్ల తల్లికి సూది వేలిలో దిగినట్టయింది.

కూతురు ఎందుకు లేస్తోందో ఆమెకు తెలుసు. ఏడాదిగా ఆ చోట దురద, మంట. ఆ వరుసలో అది వింత కాదు. ఫ్యాక్టరీ మందుల గదిలో కాంపౌండరు ఎవర్నీ చూడకుండానే "చెమట, రాసుకోండి" అని ఒక గొట్టం పూత మందు చేతిలో పెట్టేవాడు. అది దారాల డబ్బాలో దాక్కుని మిషన్ నుంచి మిషన్‌కి తిరిగేది. రాస్తే రెండు రోజులు నెమ్మదించేది. మళ్లీ మొదటికొచ్చేది.

మొన్న ఆదివారం తల్లి కూతుర్ని పెద్దాస్పత్రికి లాక్కెళ్లింది. డాక్టరమ్మ పరీక్షగా చూసింది. చర్మం ఒకచోట తెల్లగా, మందంగా ఉంది.

"క్యాన్సరేనా డాక్టరమ్మా? నా పిల్ల నాకు దక్కుతుందా?"

"అప్పుడే ఏడుపెందుకమ్మా? క్యాన్సర్‌కి ముందు వచ్చే మార్పులా ఉంది. చిన్న ముక్క తీసి పరీక్షకి పంపితే గానీ తేలదు. అదే అయినా వైద్యం ఉంది, మచ్చ తీసేస్తాం. వదిలేస్తే కొందరిలో ముదురుతుంది. పూత మందు దురదని మరిపిస్తుంది, మచ్చని తియ్యదు. బుధవారం తీసుకురా."

సెలవడిగితే సూపర్‌వైజరు ఒకటే మాటన్నాడు: "వెళ్తే వెళ్లండి. మళ్లీ గేటు తొక్కొద్దు."

మధ్యాహ్నం చేతులు కడుక్కునే కుళాయిల దగ్గర ఆడవాళ్లు పోగయ్యారు. బొత్తాలు కుట్టే పెద్దమ్మ కసిరింది. "ఆ చోటు ముచ్చట నలుగురిలో పెడతారా? సిగ్గూ ఎగ్గూ లేదుటే?"

"సిగ్గు కప్పుకుని పాడె ఎక్కమంటావా పెద్దమ్మా?" అంది తల్లి. "వేలు తెగితే కట్టు కట్టమని అరుస్తాం కదా. ఇదీ చర్మమే! ఎవరెవరికుందో చెప్పండర్రా."

అందరూ కాళ్ల వంక చూసుకున్నారు. ఒక చెయ్యి లేచింది. దాని వెనకే ఇంకొన్ని.

"అందరిదీ నాకున్న మచ్చేనని కాదు," అంది కాలరు పిల్ల. "కొందరిది వట్టి దురదే కావచ్చు. చూస్తేనే కదా తెలిసేది! అందరినీ డాక్టరమ్మ చూడాలి. చూపించుకున్న రోజు ఎవరి పనీ పోకూడదు."

బుధవారం పొద్దున ఒక్క మిషనూ తిరగలేదు. ఆస్పత్రికి వెళ్దామని ఆడవాళ్లంతా షెడ్డులోంచి గేటు దగ్గరికొచ్చారు. గేటుకి తాళం. మేనేజరు పరుగున వచ్చాడు.

"ఇంతమందికి ఏం రోగం?"

తల్లి అటూ ఇటూ చూసింది. చుట్టూ ఇస్త్రీ బల్లల మగవాళ్లు, గేటు వాచ్‌మన్. అయినా అనేసింది. "యోని పైచర్మం మీద మచ్చ సార్. నా కూతురికి ఉంది. క్యాన్సర్ కాకముందే చూపించుకోవాలి. మిగతావాళ్లకి ఏముందో చూసిన నాథుడు లేడు."

మేనేజరు చూపు నేల మీదికి జారింది. ఆమెను పక్కకి పిలిచాడు. "నీ కూతుర్ని నా కారులో పంపిస్తా. వీళ్లని లోపలికి వెళ్లమని చెప్పు. లేదంటే పోలీసులొస్తారు."

కారు తలుపు తెరిచి ఉంది. తల్లికి ఇంకేమీ కనబడలేదు. కూతురి రెక్క పట్టుకుంది. "ఎక్కవే! నీకు దండం పెడతానే! ఇవాళ తప్పితే..."

"నేనొక్కదాన్నే ఎక్కితే, రేపు వీళ్లకి కారెవరు తెస్తారే?" కూతురు చెయ్యి విడిపించుకుంది. "నడిచే వెళ్దాం. అందరం."

"మొండిదానా, చస్తావే!"

"అది చావదు లేవే!" వెనక నుంచి పెద్దమ్మ అరిచింది. "నా మచ్చ దానికంటే పాతది. గడ్డలా గట్టిపడింది. గుడ్డలో రక్తం కనబడుతోంది. కట్టుకున్నవాడికీ చెప్పలేదు. ఇదిగో, ఇంతమందిలో చెబుతున్నా! నన్నూ తీసుకెళ్లండి."

తల్లి ఆమె మొహం చూసింది. తన కూతురి మొహం చూసింది. దూరంగా పోలీసు జీపు హారన్ వినబడింది. కారు తలుపు ధడాలున మూసింది.

"తాళం తియ్యి!" వాచ్‌మన్ మీద అరిచింది. అతను కదలలేదు.

తల్లి రెండు చేతులూ గేటుకి ఆనించింది. ఆ చేతుల పక్కన మరెన్నో చేతులు పడ్డాయి. భయం ఇసుమంతైనా పోలేదు. ఆ భయంతోనే తోసింది.

గేటు వంగింది.