పొగలో పట్టిన చెయ్యి

మమతారాణి ఆర్టీసీలో కండక్టర్. ఆ రోజు సెలవు పెట్టి సినిమా షూటింగ్‌కు వచ్చింది. కరీంనగర్‌లో డిగ్రీ చదివేటప్పుడు తనతో కలిసి తెలంగాణ ర్యాలీల్లో నడిచిన నవనీత ఇప్పుడు డైరెక్టర్. ఆ రోజుల మీదే సినిమా తీస్తోంది. ర్యాలీలోంచి కూతుర్ని ఇంటికి లాక్కుపోయే తల్లి వేషం మమతకిచ్చింది.

"గీ వేషమే దొరికిందా నాకు? మా బాపు నన్ను గుంజుకపోయింది నీకు యాదిలేదా?" అంది మమత.

"యాదుంది గాబట్టే అడిగిన. ఇష్టం లేకుంటే వద్దు."

మమత కాసేపు ఆలోచించి ఒప్పుకుంది. సిరిసిల్లలో సాంచాలు, అంటే మరమగ్గాలు, నడిపే వాళ్ల నాన్న అంబదాస్ అప్పట్లో అందరి ముందూ ఆమెను ఈడ్చుకెళ్లాడు. ఆ తర్వాత కాలేజీ మాన్పించాడు. ఆనాటి ఆయన మొండితనాన్ని అచ్చంగా చూపించాలనుకుంది.

షాట్ మొదలైంది. కూతురి వేషంలో ఉన్న భవ్యశ్రీ పిడికిలెత్తి నినాదాలిస్తోంది. టియర్ గ్యాస్‌లా వదిలిన పొగ కమ్ముకుంది. పోలీసు దుస్తుల్లో ఉన్నవాళ్లు లాఠీలెత్తి ఉరికొచ్చారు. పిల్ల ఒక్క క్షణం కనబడకుండా పోయింది.

మమత చెప్పాల్సిన మాటలన్నీ మరిచిపోయింది. పొగలోకి దూకి, చేతికందిన మణికట్టు పట్టుకుని గుంజింది. నవనీత "కట్" అని అరిచినా ఆగలేదు. కెమెరా దాటి చాయ్ బండి దాకా లాక్కొచ్చింది.

"ఆంటీ, చెయ్యి నొస్తుంది," అంది భవ్యశ్రీ.

మమత వదిలేసింది. "దెబ్బ తాకలే గదా బిడ్డా?" అంటూ పిల్ల తల, భుజాలు తడిమి చూసింది.

భోజనాల వేళ తండ్రికి ఫోన్ చేసింది. ఇన్నేళ్లలో ఆ సంగతి ఇద్దరూ ఎన్నడూ ఎత్తలేదు.

"బాపూ, గానాడు నన్ను గుంజుకచ్చినవు గదా. భయమైందా నీకు?"

అటువైపు సాంచాల చప్పుడు. ఆయన బయటికి నడిచినట్టున్నాడు, చప్పుడు తగ్గింది.

"పొగల నువ్వు కానరాకపోతే పానం పోయినట్టాయె బిడ్డా. నీ చెప్పు గాడనే పడిపాయె. తెల్లారి పోయి ఎతికిన, దొరకలే."

"మరి సదువెందుకు బంద్ జేపించినవు? కాలేజీల పొగ లేకుండె గదా."



"ఏం జెప్పాలె బిడ్డా. నా భయం పోలే. నీ సదువు పోయింది."

మమత కొంగుతో కళ్లు తుడుచుకుంది.

"రేపు గూడ షూటింగున్నది. జర అచ్చి సూస్తవా?"

"నన్ను లోపటికి రానిస్తరా?"

"నేను తోల్కపోత," అంది మమత.