సువర్ణలేఖ నెరిసిన జుట్టు

నేను ఒక విగ్గుని. నెరిసిన విగ్గుని. కోడంబాకంలో మునుస్వామి అనే పనివాడు సన్నని వల మీద ఒక్కొక్క వెంట్రుకే ముడివేసి నన్ను తయారుచేశాడు. నాలో వయసుతో నెరిసిన వెంట్రుక ఒక్కటీ లేదు. అన్నీ ఎవరో పడుచుల నల్లటి జుట్టే. మందు పెట్టి తెల్లబరిచాడు. మనుషులు ముసలితనాన్ని కూడా పడుచువాళ్ల నెత్తి నుంచే కోసుకుంటారు.

కొలత మాత్రం సువర్ణలేఖ తలది. చీరాల నుంచి పదిహేనేళ్ల వయసులో మద్రాసు వచ్చిన ఆదెమ్మకు సినిమావాళ్లు పెట్టిన పేరది. పద్దెనిమిదేళ్లు కథానాయికగా వెలిగింది. తొమ్మిది సినిమాల్లో చక్రధర్ సరసన పాటలు పాడింది. నన్ను ఆమె ముందుంచిన రోజున ఆమెకు ముప్పై మూడు, చక్రధర్‌కు నలభై ఆరు. కొత్త సినిమాలో ఆమె అతనికి తల్లి.

"ఈ ఒక్కదానికే అమ్మా. అవార్డు వచ్చే పాత్ర," అన్నాడు నిర్మాత రంగనాయకులు.

"నిరుడేగా చక్రధర్‌గారి పక్కన వానపాటలో తడిశాను! జనం నవ్వరటండీ?"

"జనానికి అంత జ్ఞాపకం ఎక్కడేడ్చిందమ్మా!"

ఆమె తన నల్లటి జడను బిగించి చుట్టి నా కింద దాచింది. చక్రధర్ ఆమె కాళ్ల మీద పడి "అమ్మా!" అని వెక్కివెక్కి ఏడ్చాడు. కట్ అనగానే లేచి మోకాళ్లు దులుపుకుని, "నీకు భలే నప్పింది లేఖా. ఎప్పుడో చెయ్యాల్సింది," అన్నాడు. అందరూ నవ్వారు. ఆమె కూడా నవ్వింది. నా అడుగున ఆమె మాడు చెమటతో తడిసి ముద్దయిన సంగతి నాకొక్కదానికే తెలుసు.

జనం నవ్వలేదు, ఏడ్చారు. అవార్డూ వచ్చింది. రంగనాయకులు మురిసిపోయి నన్ను ఆమెకే కానుకగా ఇచ్చేశాడు. ఆ తరవాత ఆమె గడప తొక్కిన ఏ నిర్మాతా పాట ఊసెత్తలేదు. ఇరవై రెండేళ్లు నన్ను పెట్టుకుని కుట్టుమిషన్ తొక్కింది, గుడ్డిదయింది, రక్తం కక్కుకుంది. ముప్పై ఒక్కసార్లు చచ్చిపోయింది, అందులో పదకొండుసార్లు చక్రధర్ ఒళ్లోనే.

ఈలోగా ఆమె సొంత జుట్టు పండింది. అవకాశాలు పలచబడ్డాయి. అరవై ఎనిమిదేళ్ల చక్రధర్ మరో సినిమా మొదలుపెడుతున్నాడని విని, నన్ను పెట్టెలో సర్దుకుని స్టూడియోకి వెళ్లింది.

"ఇంక విగ్గుతో పనిలేదండీ. అసలుదే వచ్చేసింది," అంది, తల నిమురుకుంటూ.

చక్రధర్ రంగు వేసిన మీసం దువ్వుకుంటూ అద్దంలోంచే ఆమెను చూశాడు.

"అదే వచ్చిన చిక్కు లేఖా. నువ్వు నిజంగానే ముసలిదానివైపోయావు. నా పక్కన నిలబడితే నా వయసు బయటపడదూ? తల్లి వేషం హరిణికిచ్చాం. పాపం, విగ్గు పెట్టుకోవడం చేతకాక అవస్థ పడుతోందట. వచ్చావు కదా, కాస్త చూపించిపో."

హరిణికి ముప్పై రెండేళ్లు. మేకప్ గదిలో ఎవరిదో విగ్గు చేతిలో పట్టుకుని కూర్చుంది. సువర్ణలేఖ దాన్ని పక్కన పెట్టి, పెట్టెలోంచి నన్ను తీసింది. ఆ పిల్ల జుట్టు బిగించి, నుదుటిన గమ్ము రాసి, నన్ను అతికించి, ఒక్కొక్క పిన్నే గుచ్చింది. అద్దంలో తనను చూసుకుని హరిణి భోరుమంది.

"ఏడవకే తల్లీ, గమ్ము ఊడిపోతుంది," అంటూ సువర్ణలేఖ కొంగుతో ఆమె కళ్లు ఒత్తింది.

ఏడుపు ఆగేదాకా ఉండి, పిన్నులు మరోసారి నొక్కి చూసింది. ఖాళీ పెట్టె చంకన పెట్టుకుని వెళ్లిపోయింది. నన్ను తిరిగి ఇమ్మనలేదు.