ఒక్క సూదీ విరగని మనిషి

యాభై ఆరో ఏట పలక పట్టినదాన్ని. ఒత్తులూ దీర్ఘాలూ తప్పితే మన్నించండి. ఈ కాస్త రాయడానికి రెండు నెలలు పట్టింది, దానికీ మన్నించండి. ఇందులో మనిషిని నేనే. కానీ ‘నేను’ అని రాసినప్పుడల్లా చెయ్యి నన్ను వెనకేసుకొస్తోంది. అందుకని అదంతా కొట్టేసి ‘ఆమె’ అని మళ్లీ మొదలుపెట్టాను.

సూపర్‌వైజర్ చేతిలో చిన్న ప్లాస్టిక్ సంచి ఉంది. చూడ్డానికి ఖాళీగానే కనిపించింది. కిటికీ వైపు ఎత్తి పట్టుకుంటే అప్పుడు మెరిసింది, బియ్యపు గింజలో సగం కూడా లేని ఉక్కు ముక్క.

“పసిపిల్లల చొక్కా కాలరులో దొరికిందట. సరుకు కొన్నవాళ్ల దగ్గర యంత్రం ఉంది కాబట్టి పట్టుకున్నారు. మన దగ్గర ఏముంది, మన కళ్లు తప్ప!”

కుట్టు హాల్లో నలభై మిషన్లూ ఆగిపోయాయి. కళ్లద్దాలమ్మ కాలు పెడల్ మీదే ఉండిపోయింది. చదువు మొదలుపెట్టాక అద్దాలు వచ్చాయని హాల్లో అందరూ ఆమెను అలాగే పిలుస్తారు.

“రేపు మధ్యాహ్నానికల్లా ఎవరి పనో తేల్చి పేరు పంపాలన్నాడు మేనేజరు,” అంటూ సూపర్‌వైజర్ సూదుల రిజిస్టరు తెరిచింది. “తేల్చేదేముంది? మూడు నెలల్లో పదకొండు సూదులు విరగ్గొట్టిన మహాతల్లి ఒక్కతే ఉంది.”

అందరి తలలూ మూడో వరస వైపు తిరిగాయి. అక్కడ కూర్చున్నది కళ్లద్దాలమ్మ చెల్లెలి కూతురు. గలగలా వాగుతుందని దానికి పిచ్చుక అని పేరు. ఆ పూట పిచ్చుక తల దించుకుని దారం కొస నలుపుతూ కూర్చుంది.

ఆ హాల్లో ఒక నియమం ఉంది. సూది విరిగితే మిషను ఆపాలి, ముక్కలన్నీ ఏరాలి, రిజిస్టర్లో తన పేజీలో టేపుతో అంటించి సంతకం పెట్టాలి. అప్పుడే స్టోరులో కొత్త సూది ఇస్తారు. ఒక్క ముక్క దొరక్కపోయినా ఆ కట్టలోని బట్టలన్నీ పక్కన పెట్టి వెతకాలి. అంతసేపూ వరసంతా ఆగిపోతుంది, ఆనాటి లెక్క పూర్తికాదు, పక్కవాళ్లు చూపులతోనే కాల్చేస్తారు. అందుకని చాలామంది బయట దుకాణంలో సొంత సూదులు కొనుక్కుని చప్పుడు లేకుండా మార్చేసుకుంటారు. పైకి ఎవరూ అనరు.

పనిలో చేరిన మొదటి వారంలో కళ్లద్దాలమ్మ ఒక సూది విరగ్గొట్టింది. అప్పటి సూపర్‌వైజర్ రిజిస్టరు ముందుకు తోసి పెన్ను ఇచ్చింది. వేలిముద్ర వేస్తానంటే వరసంతా నవ్వింది. ఏమీ అంటించకుండానే వెనక్కి వచ్చేసింది, ఆ నవ్వు విన్నాక ఆమె మళ్లీ ఆ రిజిస్టరు ముట్టుకోలేదు. తర్వాత అక్షరాలు వచ్చాయి, సంతకం వచ్చింది, అయినా ముట్టుకోలేదు. అప్పటికే ఆ ఖాళీ పేజీ ఒక గొప్ప అయిపోయింది. కొత్తగా చేరిన పిల్లలకు సూపర్‌వైజర్ ఆమెనే చూపించేది. “నేర్చుకుంటే ఈవిడ దగ్గర నేర్చుకోండి. పదేళ్లలో ఒక్క సూదీ విరగని మనిషి!”

భోజనాల వేళ పిచ్చుక డబ్బా మూత తియ్యలేదు.

“పెద్దమ్మా, నేను కాదు. ఒట్టు. ఏ ముక్కా వదల్లేదు నేను.”

“నాకు తెలుసే.”

“నీకు తెలిస్తే ఏం లాభం? సూది వదిలిందని పేరొస్తే ఇంకెక్కడైనా మిషను మీద కూర్చోనిస్తారా?”

నాలుగో వరసలో కాలర్లు కుట్టే పొడుగుమనిషి మీద కళ్లద్దాలమ్మకు అనుమానం కలిగింది. ముక్క దొరికింది కాలర్లోనే కదా. మధ్యాహ్నమంతా ఆవిడనే గమనించింది. ఆవిడ రెండుసార్లు లేచి బయటకు వెళ్లింది. సంచి ఒళ్లోకి లాక్కుంది. సూపర్‌వైజర్ వస్తుంటే తల దించుకుంది. ఇంకేం కావాలి అనుకుంది కళ్లద్దాలమ్మ. సాయంత్రం ఇంటికెళ్లే దారిలో పిచ్చుకతో అదే చెప్పింది.

“ఆవిడకి విరేచనాలు పెద్దమ్మా. పొద్దుట్నించీ మాత్రలేసుకుంటోంది. సంచిలో ఉన్నవి అవే.”

కళ్లద్దాలమ్మ సిగ్గుతో చచ్చిపోయింది. సరిగ్గా ఆ తప్పు గురించే కిందటి వారం ఆమె చదివింది. అక్షరాలు నేర్పిన టీచరమ్మ గదిలో ఒక పుస్తకాల బీరువా ఉండేది. అందులో పెద్ద అక్షరాలున్నాయని ఒక పుస్తకం తెచ్చుకుంది. మనిషి ఎలా ఆలోచిస్తాడు, ఎక్కడ బోల్తా పడతాడు అన్నది అందులో విషయం. రోజుకొక పేజీ, వేలు పెట్టి చదువుకునేది. పిచ్చుక ఆట పట్టించేది. “ఆలోచించడం కూడా పుస్తకం చూసి నేర్చుకోవాలా పెద్దమ్మా? మరి ఇన్నాళ్లూ ఏం చేశావ్?” ముందే దొంగెవరో తేల్చేసుకున్నవాడికి దగ్గు, తుమ్ము కూడా సాక్ష్యంగానే కనిపిస్తాయని ఆ పుస్తకంలో ఉంది. చదివినప్పుడు ఎంత బాగా చెప్పాడో అనుకుంది. అవసరం వచ్చేసరికి ఒక్క ముక్క గుర్తుకు రాలేదు.

ఇంటికి రాగానే, కాళ్లు కూడా కడుక్కోకుండా, వెలుతురు పోకముందే పుస్తకం ముందేసుకుంది. ఆ రోజు పేజీలో ఒక ఆసుపత్రి ఉంది. అక్కడ ఇద్దరు నర్సులు. ఒకామె తన వార్డులో రోగి మంచం మీంచి జారినా, తూలినా ప్రతిదీ పుస్తకంలో రాస్తుంది. రెండో ఆమె పుస్తకం ఖాళీ. మీ అమ్మను ఏ వార్డులో చేర్పిస్తారు అని అడిగాడు రచయిత. ఆమె తడుముకోకుండా రెండో వార్డు అనుకుంది. కింద ఇంకో ప్రశ్న ఉంది. ఖాళీ పుస్తకం, ఎవరూ పడలేదని చెబుతోందా, ఎవరూ రాయలేదని చెబుతోందా?

కళ్లద్దాలమ్మ వేలు ఆ వాక్యం మీద ఆగిపోయింది.

లేచి తన సంచి అడుగున ఉన్న రేకు డబ్బీ తీసింది. మూత బిగుసుకుపోయి ఉంటే చీర కొంగుతో పట్టుకుని తిప్పింది. తెల్ల గుడ్డ పరిచి బోర్లించింది. ఈ ఏడాదిలో విరిగినవన్నీ అందులోనే వేసింది. పారేస్తే ఎవరైనా చూస్తారని భయం. ముక్కను ముక్కతో జతపెట్టుకుంటూ వచ్చింది. తొమ్మిది సూదులు. ఎనిమిది కుదిరాయి. తొమ్మిదో దానికి మొన లేదు.

డబ్బీ దులిపింది. సంచి తిరగేసింది. కుట్లు విప్పి సంచి అంచులు తడిమింది. ఆ సూది ఎప్పుడు విరిగిందో గుర్తు తెచ్చుకోబోయింది. పసిపిల్లల చొక్కాలు మొదలైన వారమేనేమో. హడావిడిగా మార్చి డబ్బీలో వేసింది. మొన ఉందో లేదో చూసిందా? చూసే ఉంటుంది. చూడకుండా ఎలా వేస్తుంది? చూసిందా?

“ఏం వెతుకుతున్నావ్ పెద్దమ్మా?” గుమ్మంలోంచి అడిగింది పిచ్చుక.

“ఏం లేదే. బొత్తాం.”

పిచ్చుక ముఖం ఉబ్బిపోయి ఉంది. తెల్లవారితే దాని పేరు వెళ్లిపోతుంది. చెబితే తన పేరు వెళ్తుంది. చెప్పకపోతే? ఆ ఖాళీ పేజీని ఎవరు అనుమానిస్తారు?

మర్నాడు పొద్దున మేనేజరు గదిలో సూపర్‌వైజర్, పిచ్చుక, మెకానిక్ ఉన్నారు. మెకానిక్ మిషన్లు బాగుచేసి, స్టోరులో సూదులిచ్చే పెద్దాయన, హాలంతటికీ బాబాయి. కళ్లద్దాలమ్మ పిలవకుండానే లోపలికి వెళ్లింది.

“ఏమ్మా, నువ్వెందుకొచ్చావు?”

“రిజిస్టరు ఒకసారి చూపిస్తారా సార్?”

“దాన్ని వెనకేసుకు రావడానికి వచ్చింది సార్, చెల్లెలి కూతురు కదా,” అంది సూపర్‌వైజర్.

పిచ్చుక పేజీ తెరిచారు. పదకొండు సూదులు, టేపు కింద మొదలు నుంచి మొన దాకా. కళ్లద్దాలమ్మ ఒక్కొక్కటీ వేలితో చూపించింది.

“ఇందులో మొన లేనిది ఏదైనా ఉందా సార్?”

మేనేజరు వంగి చూశాడు. “లేదు. అయితే? ఇన్ని విరగ్గొట్టే మనిషి పన్నెండోది దాచదని ఏముంది? మిగతావాళ్లవి సున్నాలు కదా.”

“ఆ సున్నాల్లో నాదీ ఒకటి సార్.” రేకు డబ్బీ బల్ల మీద బోర్లించింది. రెండు ముక్కలు కిందికి దొర్లితే గభాల్న వంగి ఏరింది. “ఈ ఏడాదివి తొమ్మిది. ఒకదానికి మొన లేదు.”

మేనేజరు చేతిలోని కాగితం పక్కన పెట్టి ముక్కల మీదికి వంగాడు.

“ఓరి నాయనో,” అంది సూపర్‌వైజర్. “నిన్నేనా నేను ఊరందరికీ చూపించుకుంటూ తిరిగింది!”

“పెద్దమ్మా, నీకేమైనా పిచ్చా?” పిచ్చుక గొంతు కీచుమంది. “ఎవరు చెప్పమన్నారు నిన్ను?”

“ఇంకా ఎవరెవరు?” అన్నాడు మేనేజరు.

“నా సంగతి నాకు తెలుసు సార్. మిగతాది మీరు అడగాలి.”

మేనేజరు మెకానిక్ వైపు తిరిగాడు. ఆయన మెడ రుద్దుకున్నాడు. “మూడు నెలలు సూది విరక్కుండా నడిచే మిషను నా సర్వీసులో చూళ్లేదు సార్. సున్నా ఉంటేనే అనుమానించాలి.”

“మరి ఇన్నాళ్లూ చెప్పవేం?”

“మీరడగలేదు సార్. నేనూ వాళ్లతో పని చేసుకోవాలి కదా.” ఆయన జేబులోంచి భూతద్దం తీసి ప్లాస్టిక్ సంచిలోని ముక్కను, కళ్లద్దాలమ్మ మొన లేని సూదిని పక్కపక్కన పెట్టాడు.

“ఇది దాని ముక్క కాదు,” అన్నాడు చివరికి. “ఈవిడది పదకొండో నంబరు. ఇది లావు, పద్నాలుగు. పల్చటి గుడ్డకి పద్నాలుగేసింది ఎవరో గానీ, మన స్టోరులో ఆ నంబరే లేదు. బయట కొన్నదే. పిచ్చుకకి నేనిచ్చినవన్నీ పదకొండ్లే.”

“ఈ భూతద్దం నిన్ననే తియ్యొచ్చుగా బాబాయ్!” అంది పిచ్చుక. ఏడుస్తోందో నవ్వుతోందో తెలియలేదు.

“నిన్న రిజిస్టరే తేల్చేసిందన్నారు కదమ్మా. ముక్క నాకెవరు చూపించారు?”

మేనేజరు పిచ్చుక పేరు రాసిన కాగితం చింపేశాడు. అందరి సంచులూ చూడమని సూపర్‌వైజర్‌ను పంపాడు. తర్వాత కళ్లద్దాలమ్మతో, ముఖం చూడకుండా, “నియమం నియమమేనమ్మా. నిన్ను మిషను మీద ఉంచలేను,” అన్నాడు. ఆమె తలూపింది. రాత్రంతా ఆ మాటకు సిద్ధపడే వచ్చింది. కానీ మనసు దాని మీద లేదు.

“సార్, ఆ ముక్క నాది కాదన్నారు.”

“కాదు. సంతోషించు.”

“మరి నాది ఎక్కడుంది సార్?”

మేనేజరు రిజిస్టరు మూసేశాడు.

ఆ రోజంతా ఆమెను ఉండనిచ్చారు. గోదాములో మిగిలిన పెట్టెలు విప్పి, అయస్కాంతం పట్టుకుని, ఒక్కో చొక్కా కాలరూ, చంకా, అంచూ తడిమింది. అడగకుండానే పిచ్చుక వచ్చి పక్కన కూర్చుంది. సాయంత్రానికి పొడుగుమనిషీ వచ్చింది, తిట్టుకుంటూ. “నీ పుణ్యమా అని నా సంచి కూడా వెతికారు. జరుగు, ఇటు పెట్టెలు నేను చూస్తా.” మొన దొరకలేదు. ముప్పై పెట్టెలు అప్పటికే వెళ్లిపోయాయి, యంత్రం ఉన్నవాళ్లకు కొన్ని, లేనివాళ్లకు కొన్ని.

లేనివాళ్లకు ఉత్తరం తనే రాస్తానంది. మేనేజరు వద్దన్నాడు, తర్వాత చిరునామా ఇచ్చాడు. అది ఆమె జీవితంలో మరొకరికి రాసిన మొదటి ఉత్తరం. పసిపిల్లల చొక్కాలు, తెలుపు, ఈ తారీఖు నుంచి ఈ తారీఖు దాకా కుట్టినవి. ఒక సూది మొన కనబడలేదు. తొడిగే ముందు తడిమి చూడమని చెప్పండి. కింద సంతకం.

ఉత్తరం పంపి నాలుగు నెలలు. జవాబు రాలేదు. రాకపోవడం అంటే ఏమీ జరగలేదనా, ఎవరూ రాయలేదనా అన్నది ఆమెకు తెలియదు.

కళ్లద్దాలమ్మ,
వయసు అరవై రెండు,
ఇప్పుడుంటున్నది చెల్లెలి కూతురి ఇంట్లో, వీధి వైపు గదిలో.