కాల్డర్ దొర రాసిచ్చిన చీటీ

నేను ఒక చీటీని. పచారీ సరుకుల చీటీని అనుకునేరు, నాకంత అదృష్టం కూడానా! వాల్తేరులో దొరల బంగళాలున్న రోజుల్లో, వంటవాడు ఒక దొర దగ్గర మానేసి ఇంకో దొర దగ్గర చేరాలంటే పాత దొర రాసిచ్చిన మంచి చీటీ చూపించాలి. నేను అలాంటి కాగితాన్ని. ఇంగ్లండులో చింకిగుడ్డలు ఉడకబెట్టి నన్ను తయారుచేశారు. లేత నీలం రంగు, పైన ఉబ్బెత్తు అక్షరాలు, చూడ్డానికి శుభలేఖలా ఉంటాను.

కాల్డర్ దొర ఓ ఎగుమతి కంపెనీలో పెద్ద ఉద్యోగి. ఆయన రాతబల్ల మీద కాగితాల దొంతరలో పడి ఉన్నప్పుడే ఇంగ్లీషు భాష గుట్టు నాకు తెలిసింది. ఉన్నదున్నట్టు అనడం వాళ్ళకి మహా నామర్దా. మనిషి చచ్చిపోతే బకెట్టు తన్నేశాడంటారు. ఆడమనిషి కడుపుతో ఉంటే పొయ్యిలో రొట్టె ఉందంటారు. దొరసాని మరుగుదొడ్డికి వెళ్తూ ఒక పెన్నీ ఖర్చుపెట్టి వస్తాననేది. మనవాళ్ళేం తక్కువ తిన్నారా, నీళ్ళోసుకుందనరూ, కాలం చేశాడనరూ! అందుకని మొదట్లో నేనూ నవ్వుకునేదాన్ని.

ఓ సాయంత్రం దొర స్నేహితుడితో, "వెండి సిగరెట్టు పెట్టె మా మామ దగ్గరుంది" అని కన్నుకొట్టాడు. వాళ్ళ భాషలో ఆ మామ తాకట్టు వ్యాపారి. క్లబ్బులో పేకాడి, దొరసాని పుట్టింటివాళ్ళిచ్చిన పెట్టెను కుదువబెట్టేశాడు మహానుభావుడు. ఆవిడ ఇల్లంతా వెతికించి ఏదని నిలదీస్తే, వంటింటి వైపు ఒక్క చూపు చూసి ఊరుకున్నాడు. ఆవిడకు ఆ చూపు చాలింది.

వంటింట్లో ఉన్నది అసిరయ్య. ఏడేళ్ళుగా వాళ్ళకి వండిపెడుతున్న మనిషి. పని మాన్పించిన రోజున అతను చేతులు కట్టుకుని నిలబడి మంచి చీటీ అడిగాడు. దొర దొంతరలోంచి నన్ను లాగాడు. "అసిరయ్య చేసే కస్టర్డు అమోఘం. వేళ్ళు మాత్రం తేలిక. ఇతనికి వస్తువులు పోకముందే దొరుకుతుంటాయి" అని ఇంగ్లీషులో రాసి, సంతకం పెట్టి, చిరునవ్వుతో ఇచ్చాడు. తేలిక వేళ్ళంటే మనం చేతివాటం అంటాం చూడండి, అదే. దొంగ అన్న మాట నా మీద ఎక్కడా లేదు, అయినా ఇంగ్లీషు వచ్చినవాడెవడికైనా అదే కనిపిస్తుంది. అసిరయ్య నన్ను రెండు చేతులా అందుకుని కళ్ళకద్దుకున్నాడు. ఆ తడి నాకు తగిలింది. ఛీ, నా బతుకు చెడ! అప్పుడే చిరిగిపోయినా బాగుండేది.

మూడు బంగళాలకు నన్ను పట్టుకెళ్ళాడు. మూడు చోట్లా నన్ను చదివి, నవ్వాపుకుని, మర్యాదగా పంపేశారు. తరవాత అతను నన్ను ఎవరికీ చూపించలేదు. రైల్వే గేటు దగ్గర టీ బడ్డీ పెట్టుకుని, పాత కోటు లోపలి జేబులో నన్ను దాచుకున్నాడు. ఆ తరవాత పుట్టిన ఒక్కగానొక్క కూతురు పైడితల్లిని కాన్వెంటులో వేశాడు.

పద్నాలుగేళ్ళప్పుడు ఆ పిల్ల నన్ను తీసి చదివింది. పాత నిఘంటువు ముందేసుకుని ఒక్కో మాటకీ అర్థం వెతుకుతుంటే, ఆ ముఖం చూడలేక సిగ్గుతో చచ్చిపోయాను. మర్నాటి నుంచి తండ్రిని బడి గేటు దాకా రానివ్వలేదు. ఓసారి పంతులమ్మ ఇచ్చిన పెన్ను కనపడకపోతే, వచ్చి కోటు జేబులు తడిమింది. ఆ వేళ్ళు నాకు తగిలాయి. పెన్ను ఆమె పుస్తకాల కిందే దొరికింది.

ఏళ్ళు గడిచాయి. పైడితల్లి ఆడపిల్లల బడిలో ఇంగ్లీషు టీచరయింది. బీచి దగ్గర కొత్త గెస్టుహౌసు పెడుతున్నారనీ, ఇంగ్లీషు వంటలొచ్చినవాడు కావాలనీ, పాత చీటీలుంటే తెమ్మన్నారనీ కబురొచ్చింది. చచ్చేలోగా మళ్ళీ ఒక్కసారి తెల్లకోటు వేసుకుని కస్టర్డు చెయ్యాలని అసిరయ్యకు ప్రాణం కొట్టుకుంటోంది. నన్ను తెచ్చి కూతురి చేతిలో పెట్టి, చదివి చెప్పమన్నాడు.

పైడితల్లి గొంతు సవరించుకుంది. అసిరయ్య నమ్మకస్తుడు, ఏడేళ్ళు ఏ మచ్చా లేకుండా పనిచేశాడు అని గడగడా చదివేసింది. నా మీద అందులో ఒక్క ముక్కా లేదు.

అసిరయ్య అంతా విన్నాడు. "మూడో బంగళా బట్లరు ఎప్పుడో సెప్పేసినాడమ్మా, ఇందులో ఏటుందో" అన్నాడు. "నువ్వప్పటికింకా పుట్నేదు."

ఆమె, మరి ఇన్నాళ్ళూ దీన్నెందుకు దాచుకున్నావని అడిగింది.

"నిన్ను సదివించడానికి. నీ సేతికెవుడైనా ఇలాటి కాయితమిత్తే, ఆడి మొకం మీదే నువ్వు సదివెయ్యాల." అసిరయ్య పాత కోటు జేబు తట్టాడు. "నువ్వు నా కోటు జేబులు ఎతకడం సూసినానమ్మా. ఎతికితే ఎతికినావు. ఓ మాట అడగనేదేటి?"

పైడితల్లి తల దించేసుకుంది. "అడిగితే అవునంటావేమోనని భయమేసింది నాన్నా."

"నానేటీ తియ్యనేదమ్మా."

దొరలంతా వెళ్ళిపోయాక, పెట్టె ఎవరు తీశారో ఈ ఊళ్ళో తెలిసినదాన్ని నేనొక్కదాన్నే. నోరు లేదు. ఉన్న మాటలేమో కాల్డర్ దొరవి. ఆ తండ్రీకూతుళ్ళ మధ్య ఇన్నేళ్ళు అడ్డంగా కూర్చున్నది నేను, ఆ ఏళ్ళు తెచ్చివ్వడం నా వల్ల కాదు.

పైడితల్లి కళ్ళు తుడుచుకుని నన్ను తిరగేసింది. నా వీపు మీద పెద్ద అక్షరాలతో ఇంగ్లీషులో ఏదో రాసింది. ఏటి రాసినావని అతను అడిగితే తెలుగులో చదివి వినిపించింది. "మా నాన్న దొంగ కాదు. ఇట్లు, పైడితల్లి, ఇంగ్లీషు టీచరు." దొర రాయడానికి జంకిన మాటను ఈమె ఉన్నదున్నట్టు రాసి, కాదంది. అసిరయ్య ఇంకోసారి చదవమన్నాడు.

మర్నాడు గెస్టుహౌసులో మేనేజరు చీటీ అడిగాడు. కూతుర్ని పక్కన నిలబెట్టుకుని, అసిరయ్య ఆమె రాసిన వైపు పైకి వచ్చేలా నన్ను బల్ల మీద పెట్టాడు. మేనేజరు వంగి చదవసాగాడు. నేను మాత్రం ముఖం బల్లకానించి, ఒకప్పుడు కళ్ళకద్దుకున్న ఆ చేతులు నన్ను మళ్ళీ తిప్పకూడదని కోరుకుంటూ పడుకున్నాను.