వాలినా రాలినా ఒకే అక్షరం

షాంఘైలో జాబే పేటలోని సినిమా స్టూడియోకి మియావో మాస్టారు రోజూ ఒకే వేళకి వచ్చేవాడు. వేడి సోయా పాలు తాగి, సిరా కణిక నూరుకుని, కుంచె పట్టేవాడు. కత్తియుద్ధాల మూకీ సినిమాలకు కథలూ, తెర మీద పడే మాటల అట్టలూ ఆయనవే. చైనా రాతలో ఒక్కో అక్షరం ఒక్కో మాట; ఎవరైనా తొమ్మిది అక్షరాల్లో చెప్పినదాన్ని ఆయన మూడింటికి కుదించేవాడు. షాంఘైలో అంత పొదుపుగా రాసేవాడు లేడని ఆయనకు గర్వం.

"ఎగిరింది" అని మొదటి భాగంలో రాసిన పూటే కత్తి నాయిక వేషం కట్టిన యూచిన్ కాళ్లు నేల విడిచాయి. నడుముకు కట్టిన తీగ వదులుగా వేలాడింది. తీగ లాగేవాళ్లు పని తగ్గిందని టీకి వెళ్లారు. అప్పటినుంచి ఆమె జేబుల నిండా రాళ్లు వేసుకుని, ఒక చేత్తో ఏ స్తంభాన్నో పట్టుకుని తిరిగేది. ప్రతి భాగమూ ఆమె గాలిలో ఉండగానే ముగిసేది. నేలకు దింపేస్తే జనం మళ్లీ రారు కదా.

"నన్నెప్పుడు దింపుతారు మాస్టారూ?"

"చివరి భాగంలో."

"నా కూతురు తావ్‌తావ్‌ని రెండు చేతులా ఎత్తుకుని మూడేళ్లయింది. ఒక చెయ్యి ఎప్పుడూ స్తంభానికే సరిపోతోంది."

పన్నెండో భాగం సగంలో ఉండగా దర్శకుడు హోంగ్ ఒక సర్కారు కాగితం పట్టుకొచ్చాడు. "ఎగిరే సినిమాలు ఇక తియ్యకూడదట. ఆపేశాం."

"మరి నేనో?" అంది దూలం పట్టుకుని యూచిన్.

"ఉత్తర్వులో నీ సంగతి లేదమ్మా."

ఆమె మాస్టారి బల్ల దగ్గరికి వచ్చింది. "సినిమా పోతే పోయింది. నన్ను దింపే ఆ ఒక్క అట్టా రాసిపెట్టండి."

సరేనన్నాడు. మర్నాడు పొద్దున అమ్మమ్మ చెయ్యి పట్టుకుని ఆరేళ్ల తావ్‌తావ్ వచ్చి గేటు దగ్గర నిలబడింది. యూచిన్ జేబుల్లో రాళ్లన్నీ తీసి మాస్టారి బల్ల మీద పేర్చి, ముంగిట్లో చూరు ఎత్తుకు తేలింది.

"మెల్లగా అని ఇంకో అక్షరం పెట్టండి మాస్టారూ!" చూరు పట్టుకుని కేకేసింది.

"పిట్ట కొమ్మ మీద వాలితే మెల్లగా అని వేరే చెప్పాలా? 'వాలింది' అన్న ఒక్కటి చాలు."

"అబ్బ, ఏం పిసినారండీ!" నవ్వింది.

రాతలో ఆ అక్షరం ఒకటే. పిట్ట వాలినా అదే, ఆకు రాలినా అదే. మాస్టారికి తెలియక కాదు. పక్కన ఇంకో అక్షరం లేకపోయినా చదివేవాడికి తెలుస్తుందనుకున్నాడు. రాశాడు.

యూచిన్ చూరు వదిలింది. ఆకులా ఒక పక్కకి ఒరిగి, గాలికి ఓసారి తిరిగి, మళ్లీ తిరిగి, ముంగిట్లో పడింది. చప్పుడు కాలేదు. లేవలేదు. హోంగ్ ఆమె ముక్కు దగ్గర వేలు పెట్టి చూసి, తలదించుకున్నాడు.

మాస్టారు ఆ అక్షరం కింద "మెల్లగా" రాశాడు. యూచిన్ కదల్లేదు. "క్షేమంగా" రాశాడు. "కూతురి దగ్గరికి" రాశాడు. అట్ట నిండిపోయింది. ఆయన అంత పొడుగు అట్ట ఎన్నడూ రాయలేదు.

తీగ లాగేవాళ్లు మోయడానికి తలుపు చెక్క ఊడదీసి తెచ్చారు. అవసరం పడలేదు. తావ్‌తావ్ వంగి, అమ్మని రెండు చేతులా ఎత్తుకుంది.