మూడుగోడల మాస్టారు

పద్దెనిమిదేళ్ళు సీరియళ్ళకి ఇళ్ళు కట్టిన ఆర్ట్ డైరెక్టర్‌కి, మొదటి సినిమా షూటింగ్ మొదలయ్యే పూటే ఒళ్ళంతా చెమటలు పట్టాయి. హీరో ఇంటి హాలుకి నాలుగో గోడ కట్టడం మర్చిపోయాడు.

సీరియల్లో ఇంటికి మూడు గోడలే. నాలుగోవైపు కెమెరాలుంటాయి. ఎవరు ఏడ్చినా అటు తిరిగే ఏడుస్తారు. ఆ అలవాటు చూసే స్టూడియోలో ఆయనకి మూడుగోడల మాస్టారని పేరు పెట్టారు. ఎదురుగా అనరు లెండి.

ఈ సినిమా దర్శకుడు కెమెరాని బొంగరంలా తిప్పే రకం. పైగా, "పనిలో తేడా వస్తే టైటిల్స్‌లో పేరుండదు" అని ముందే చెప్పాడు. వెండితెర మీద ఆ ఒక్క పేరు కోసమే మాస్టారు, తన దగ్గర అసిస్టెంటుగా ఉన్న బావమరిదికి సీరియల్ని అప్పగించి వచ్చాడు. పొద్దున్న బయల్దేరుతుంటే భార్య టిఫిన్‌తో పాటు ఓ చురక కూడా వడ్డించింది.

"పేరు పడకపోతే మా తమ్ముడి దగ్గర రంగులు కలుపుకోవాలి మీరు."

దర్శకుడు రావడానికి ఇంకా గంట. అదే స్టూడియోలో, పక్క షూటింగ్ ఫ్లోర్లోనే బావమరిది సీరియల్. అక్కడ అందరూ భోజనాలకి వెళ్ళారు. మాస్టారు నలుగురు వడ్రంగుల్ని వెంటేసుకుని వెళ్ళి, ఆ సీరియల్ ఇంటి హాలు గోడ ఒకటి చక్రాల మీద తోయించుకొచ్చేశాడు.

దర్శకుడు వచ్చాడు. కెమెరా గిర్రున తిరిగి, తెచ్చిన గోడ దగ్గర టక్కున ఆగింది.

"ఈ మరక ఎవరు వేశారు?"

గోడ మీద, కూర్చున్న మనిషి తల ఎత్తులో, జిడ్డోడుతున్న నల్లటి మరక! మాస్టారి గుండె జారింది. నోరు మాత్రం జారలేదు.

"నేనే సార్. రెండు రోజులు కూర్చుని వేశాను."

"అద్భుతం! మిగతా మూడూ సెట్టు, ఇదొక్కటే ఇల్లు. టైటిల్స్‌లో మీ పేరుకి విడిగా కార్డు వేస్తాను."

మాస్టారు వినయంగా వంగుతుండగా తలుపు ధడాలున తెరుచుకుంది.

"బావా! నా గోడేదీ?"

"ఎవరితను?" అన్నాడు దర్శకుడు.

"మా బావమరిది సార్. కాస్త ఆవేశం ఎక్కువ."

"ఆవేశమా! ఆనుకుని ఏడవడానికి గోడ లేక అక్కడ అత్తగారి సీనే ఆగిపోయింది. అదిగో సార్, ఆ మరక ఆవిడ తలనూనే! ఆరేళ్ళ ఏడుపు. రంగు కొట్టించెయ్యమని బావ రోజూ నా ప్రాణం తీసేవాడు. నేనే పడనివ్వలేదు."

దర్శకుడు మరకనీ మాస్టారినీ మార్చి మార్చి చూశాడు. తర్వాత బావమరిది భుజం మీద చెయ్యేశాడు.

"రేపట్నుంచి నువ్వు రావయ్యా."

మర్నాడు మాస్టారు మళ్ళీ పాత సీరియల్‌కే చేరాడు. ఈసారి మాత్రం కసికొద్దీ కట్టించాడు. నాలుగు గోడలు, ఒక్క మరక లేకుండా, తళతళా మెరిసేలా.

లోపల అత్తగారు ఏడుపు అందుకుంది. బయట్నుంచి ఎవరో తలుపు బాదారు.

"మాస్టారూ," అన్నాడు కెమెరామన్, "మేమెక్కడ నిలబడాలండీ?"