వదినకి పడని పప్పు

మా పెళ్లికి రాని మనిషి ఇవాళ మా ఇంటికి భోజనానికి వస్తోంది. మా ఆయనకి అక్క, నాకు వదిన. తల్లి పోయాక ఆయన్ని పెంచిందీ చదివించిందీ ఆవిడే. తనతో మాటైనా చెప్పకుండా రిజిస్ట్రారు ముందు సంతకాలు పెట్టేశామని ఇన్నాళ్లూ మా గుమ్మం తొక్కలేదు. ఈ పూట చెడిందంటే ఇక రాదు. ఆయన నోరు తెరిచి ఏమీ అనరు గానీ, అక్క మాట వస్తే చాలు, ముఖం చిన్నబోతుంది. అది చూడలేకే నేనే ఫోన్ చేసి పిలిచాను. పిలిచిన క్షణం నుంచీ నాకు కాళ్లూ చేతులూ ఆడటం లేదు.

పొద్దున ఆఫీసు నుంచి ఆయన ఫోన్ చేశారు.

"అక్కకి పప్పులు పడవు. మర్చిపోకు."

అప్పటికే పొయ్యి మీద పప్పు సూప్ కుతకుతలాడుతోంది. గిన్నె ఎత్తి పక్కింటావిడకి ఇచ్చేసి, టమాటా సూప్ పెట్టాను. ముందే చెప్పారు కాబట్టి బతికిపోయాననుకున్నాను.

ఇక తీపి ఒకటి మిగిలింది. ఆవిడ మెచ్చుకునేలా ఏదైనా చేద్దామని బేరిపండ్లు తెచ్చాను. నా బుద్ధి తక్కువ కాకపోతే, ఇలాంటి రోజునా కొత్త వంట? తొడిమ ఊడకుండా చెక్కు తీసి, దాల్చినచెక్క వేసిన పంచదార నీళ్లలో నిలబెట్టాను. నీళ్లు తెర్లితే పండు చితికిపోతుంది, తెర్లకపోతే ఉడకదు. మంట తగ్గించడం, పెంచడం, చాకుమొనతో గుచ్చి చూడటం, ఇదే పని. చల్లారాక అడుగు నుంచి గింజలు తొలిచి, ఆ ఖాళీలో మెత్తటి చీజ్ కూరాను. చీజ్ మరీ చప్పగా ఉందని బాదం వేయించి, పొడికొట్టి, అందులో కలిపాను. కమ్మటి వాసన వచ్చింది. ఈ రోజు మొత్తంలో నాకు ధైర్యమొచ్చింది ఆ ఒక్క నిమిషమే.

వదిన వచ్చింది. సోఫా అంచున కూర్చుంది, ఏ క్షణాన్నైనా లేచిపోయేదానిలా. భోజనాల దగ్గర తమ్ముడితో తప్ప మాట్లాడలేదు. సూప్ తాగి "బాగుంది" అంది, అదీ గిన్నెకేసి చూస్తూ. నాకు ఆ మాటే పదివేలు.

బేరిపండ్లు తెచ్చిపెట్టాను. ఆవిడ చెంచాతో పండు అంచు కోసి, చీజ్‌తో సహా నోట్లో పెట్టుకుంది. మొదటిసారి నా ముఖంలోకి చూసింది.

"లోపల ఏం పెట్టావమ్మాయ్?"

నా ఆనందానికి పట్టపగ్గాల్లేవు. "చీజ్ వదినగారూ! అందులో కాస్త బాదంపప్పు..."

ఆ మాట నా చెవిన పడ్డాకే నాకు అర్థమైంది. బాదం కూడా పప్పే. ఆయన చేతిలోంచి చెంచా జారి పడింది.

నేను ఒక్క ఉదుటున వెళ్లి ఆవిడ గడ్డం కింద అరచెయ్యి పట్టాను. "ఉమ్మెయ్యండి! ముందు ఉమ్మెయ్యండి!"

చంటిపిల్లలా ఉమ్మేసింది. ఆయన అక్క సంచీ బోర్లించి, ఆవిడ ఎప్పుడూ వెంట ఉంచుకునే ఎలర్జీ ఇంజెక్షన్ వెతికి, తొడకి గుచ్చి, కారు తియ్యడానికి మెట్లు దిగి పరిగెత్తారు. ఆవిడ నీళ్లు పుక్కిలించింది. పెదవి అంచు ఎర్రబడుతోంది.

"వాడు చెప్పలేదా నీకు?" అంది, గొంతు సవరించుకుంటూ.

"చెప్పారు వదినగారూ. పప్పులు పడవన్నారు. నేను... నేను కందిపప్పు అనుకున్నాను. సూప్ మార్చేశాను."

ఆవిడ నన్ను ఎగాదిగా చూసింది. తిడుతుందనుకున్నాను. తిట్టినా బాగుండేది. నాకు ఏడుపు ఆగలేదు. ఇంత చేసి, ఆయనకున్న ఒక్క అక్కనీ నా చేత్తోనే చంపుకున్నానా అని వెక్కివెక్కి ఏడ్చాను. కింద కారు హారన్ మోగింది.

వదిన లేచి నిలబడింది. తూలింది. ఇంకా కడుక్కోని నా చేతినే, తను ఉమ్మిన చేతినే, గట్టిగా పట్టుకుంది.

"నువ్వు ఏడవకే. నిన్ను చూస్తుంటే నాకు భయమేస్తోంది."